పాట కట్టినవాడు, పట్టా ఉన్నవాడు

(బి.ఎస్సీ. చివరి సంవత్సరం విద్యార్థి)

ఈ వార్షిక సంచికకు ఏదైనా రాయమని యూనియన్ మిత్రులు అడిగినప్పుడు, అమెరికాలోని ఒక రాక్ బృందం గురించి రాస్తానన్నాను. అందరూ నవ్వారు. "పొలం గట్ల మీంచి వచ్చినవాడివి, నీకు రాక్ ఏమిట్రా?" అన్నాడొకడు. అడగాల్సిన ప్రశ్నే. మా ఇంట్లో సంగీతమంటే ఘంటసాల, లేదంటే నాట్లప్పుడు మా అమ్మావాళ్ళు పాడుకునే పాటలు. గిటారును దగ్గర్నుంచి చూసింది ఈ కాలేజీకి వచ్చాకే. అయినా ఈ బృందం కథ రాయడానికి రైతు ఇంట్లో పుట్టినవాడికి కొంత ఎక్కువ హక్కే ఉందని నా వాదన. చివరిదాకా చదివి, అవునో కాదో మీరే చెప్పండి.

బృందం పేరు క్రీడెన్స్ క్లియర్‌వాటర్ రివైవల్. పేరు పెద్దదే గాని జీవితం చిన్నది. 1968లో ఈ పేరు పెట్టుకున్నారు, 1972లో విడిపోయారు. నాలుగేళ్ళు పాడారు. ఆ పాటలు ఎవరివన్న తగాదా మాత్రం యాభై ఏళ్ళు నడిచింది. నేను రాయబోయేది ముఖ్యంగా ఆ యాభై ఏళ్ళ సంగతి.

మొదటి ఏడాది హాస్టల్లో ఉన్నప్పుడు, వాన పడుతున్న ఒక రాత్రి మా గదిలోని సీనియర్ తన ఫోనులో ఒక పాట పెట్టాడు. "హూల్ స్టాప్ ది రెయిన్" అని దాని పేరు. ఈ వానను ఆపేదెవరని అడుగుతున్నాడు పాడేవాడు. మాటలు సగమే అర్థమయ్యాయి గాని గొంతు పూర్తిగా అర్థమైంది. బాపట్ల దగ్గర మా ఊళ్ళో రైతుకు వాన భయాలు రెండుంటాయి. జూన్‌లో రాని వాన ఒకటి, డిసెంబరులో పోని వాన ఇంకొకటి. ఆ రెండో భయం ఆ గొంతులో వినబడింది. తర్వాత తెలిసింది, 1970లో వచ్చిన ఆ పాటలోని వానను వియత్నాం యుద్ధకాలపు దిగులుగా చాలామంది విన్నారని. అలా విన్నా మంచి పాటే. నాకు మాత్రం మొదట తడిసిన వరి పనలే కళ్ళ ముందు కనబడ్డాయి.

* * *

ముందు వాళ్ళెవరో చెప్పుకుందాం.

కాలిఫోర్నియాలో శాన్‌ఫ్రాన్సిస్కో అఖాతానికి తూర్పున ఎల్ సెరిటో అనే చిన్న ఊరుంది. 1959లో అక్కడి బడిలో చదువుకునే ముగ్గురు పిల్లలు ఒక బృందం కట్టారు. జాన్ ఫోగర్టీ, స్టూ కుక్, డగ్ క్లిఫర్డ్. ముగ్గురూ 1945లో పుట్టినవాళ్ళే, అంటే అప్పటికి పద్నాలుగేళ్ళవాళ్ళు. తమకు తాము బ్లూ వెల్వెట్స్ అని పేరు పెట్టుకున్నారు. జాన్ అన్న టామ్ వాళ్ళకంటే నాలుగేళ్ళు పెద్ద. ఆయనా వచ్చి కలిశాడు. మొదట్లో ముందు నిలబడి పాడింది టామే. తమ్ముడి గొంతులో ఏదో ఉందని తెలిశాక అన్న పక్కకు జరిగి గిటారు పట్టుకున్నాడు. ఇది చిన్న సంగతేం కాదు. అన్నదమ్ములున్న ఇళ్ళల్లో పెరిగినవాళ్ళకు దాని బరువు తెలుస్తుంది.

1964లో శాన్‌ఫ్రాన్సిస్కోలోని ఫాంటసీ రికార్డ్స్ అనే కంపెనీలో చేరారు. కంపెనీ వాళ్ళను అడక్కుండానే బృందం పేరు మార్చి "గాలివాగ్స్" అని రికార్డు మీద అచ్చేసింది. గాలివాగ్ అంటే నల్లవాళ్ళను వెక్కిరిస్తూ చేసిన ఒక బొమ్మ పేరు. ఆ పేరుతోనే మూడేళ్ళు పాడారు. మనం కన్న బిడ్డకు ఇంకొకడు వెకిలి పేరు పెడితే నోరెత్తలేని స్థితి ఎలా ఉంటుందో వాళ్ళకు అప్పుడే రుచి చూపించారన్నమాట.

1967లో ఆ కంపెనీలోనే పనిచేస్తున్న సాల్ జేంట్స్ మరికొందరితో కలిసి కంపెనీని కొన్నాడు. కుర్రాళ్ళను పిలిచి, పేరు మార్చుకోండి, పెద్ద రికార్డు చేద్దాం అన్నాడు. అప్పుడు పుట్టింది ఈ పొడుగాటి పేరు. క్రీడెన్స్ అన్నది టామ్‌కు తెలిసిన ఒకరి పేరులోంచి వచ్చింది. క్లియర్‌వాటర్ ఒక బీరు ప్రకటన చూసి తీసుకున్నది. రివైవల్ అంటే పునరుద్ధరణ. పదేళ్ళుగా కలిసి వాయిస్తున్న నలుగురు మళ్ళీ పుట్టామని చెప్పుకున్నారు.

ఇక్కడ రెండు కాగితాల సంగతి చెప్పాలి. రెండూ 1968వే. ఆ రోజుల్లో అమెరికా కుర్రాళ్ళ నెత్తిన వియత్నాం యుద్ధం కత్తిలా వేలాడుతుండేది. జాన్ సైన్యపు రిజర్వు దళంలో ఉండేవాడు. ఆ కొలువు నుంచి విడుదల చేసిన కాగితం 1968లో ఆయన ఇంటికి వచ్చింది. ఆ సంతోషంలోనే గిటారు తీసుకుని "ప్రౌడ్ మేరీ" పాట కట్టానని ఆయన చెప్పుకున్నాడు. అది మొదటి కాగితం. రెండోది ఫాంటసీ కంపెనీతో రాసుకున్న ఒప్పందం. అప్పటికి జాన్ వయసు ఇరవై రెండు. మనకంటే రెండేళ్ళు పెద్ద, అంతే. దగ్గర వకీలు లేడు. ఆ కాగితం ప్రకారం తాను కట్టే పాటల మీద హక్కులు కంపెనీకి వెళ్ళిపోతాయి, ఏటేటా ఇన్ని పాటలు రికార్డు చేసి ఇవ్వాల్సిన బాకీ మాత్రం తన మీద పడుతుంది. ఒక కాగితం ఆయన్ని విడిచిపెట్టిన ఏడాదే ఇంకో కాగితం కట్టేసింది.

* * *

ఆ తర్వాత వాళ్ళు చేసిన పని చూస్తే నాకు సార్వా, దాళ్వా రెండూ పండించి మధ్యలో మినుములు కూడా తీసే రైతు గుర్తొస్తాడు. 1969 ఒక్క ఏడాదిలో మూడు ఆల్బములు వేశారు: "బయూ కంట్రీ", "గ్రీన్ రివర్", "విల్లీ అండ్ ది పూర్ బాయ్స్". 1970లో ఇంకో రెండు: "కాస్మోస్ ఫ్యాక్టరీ", "పెండ్యులం". వాళ్ళు సాధన చేసే షెడ్డుకు ఫ్యాక్టరీ అని పేరు పెట్టింది డ్రమ్ములు వాయించే క్లిఫర్డ్. రోజూ తప్పకుండా హాజరు వేయించుకోవాల్సి వచ్చేది గనక అలా వేళాకోళమాడాడు. ఆ వేళాకోళమే ఆల్బము పేరైంది. ఆ ఆల్బము తొమ్మిది వారాలు అమెరికాలో మొదటి స్థానంలో నిలిచింది.

తమాషా ఏమిటంటే, విడి పాటల పట్టికలో వీళ్ళకు మొదటి స్థానం ఒక్కసారీ దక్కలేదు. "ప్రౌడ్ మేరీ", "బ్యాడ్ మూన్ రైజింగ్", "గ్రీన్ రివర్", "ట్రావెలిన్ బ్యాండ్", "లుకిన్ అవుట్ మై బ్యాక్ డోర్" రికార్డులు ఐదూ రెండో స్థానం దాకా వెళ్ళి ఆగిపోయాయి. అప్పుడు వీటికి పైన నిలిచిన పాటల్లో ఎన్నింటిని జనం ఇవాళ గుర్తుపెట్టుకున్నారు? ఈ ఐదూ మాత్రం ఇప్పటికీ మోగుతూనే ఉన్నాయి. మార్కుల జాబితాలు చూసి బెంగపెట్టుకునే మిత్రులు ఈ సంగతి గమనించాలి.

వాళ్ళ సంగీతం సాదా సంగీతం. అదే కాలంలో, అదే శాన్‌ఫ్రాన్సిస్కో చుట్టుపక్కల, ఒక్కో పాటను అరగంట సాగదీసి వాయించే బృందాలు చాలా ఉండేవి. వీళ్ళు రెండు మూడు నిమిషాల్లో చెప్పాల్సింది చెప్పి దిగిపోయేవారు. కొన్ని పాటలైతే దాదాపు ఒకే కార్డు మీద నడుస్తాయి. "రన్ త్రూ ది జంగిల్" అలాంటిదే. ఈ పాట పేరు గుర్తుపెట్టుకోండి, తర్వాత దీనితో పని ఉంది. 1969 ఆగస్టులో వుడ్‌స్టాక్ మహాసభలో వీళ్ళ వంతు అర్ధరాత్రి దాటాక వచ్చింది. ముందు వాయించినవాళ్ళు ఆలస్యం చేయడంతో జనం చాలావరకు నిద్రలో ఉన్నారు. తమ కచేరీ బాగా కుదరలేదని జాన్ దాన్ని సినిమాలో చేర్చనివ్వలేదు. ఆ రికార్డింగు పూర్తిగా 2019లో గాని బయటికి రాలేదు. ఇప్పుడు వింటే దానికేం తక్కువ అనిపిస్తుంది. పట్టుదల మనిషి అన్నమాట. ఈ పట్టుదల గురించి కూడా తర్వాత చెబుతాను.

వీళ్ళ మీద ఒక విమర్శ ఉంది. పాటల నిండా మిసిసిపీ నది, లూసియానా చిత్తడి నేలలు, పడవలు. కుర్రాళ్ళేమో రెండు వేల మైళ్ళ అవతల కాలిఫోర్నియావాళ్ళు. "ప్రౌడ్ మేరీ" కట్టేనాటికి జాన్ ఆ నదిలో పడవెక్కి ఎరగడు. మరి ఇది దొంగ సరుకు కాదా అంటారు. నాకలా అనిపించదు. ఆ నేల వాళ్ళకు రేడియోలో, పాత రికార్డుల్లో దొరికింది. దక్షిణాది నల్లవాళ్ళ బ్లూస్, వాళ్ళు చేలల్లో పాడుకున్న పాటలు విని విని వంటబట్టించుకున్నారు. లెడ్ బెల్లీ పాడిన "కాటన్ ఫీల్డ్స్" వీళ్ళూ పాడారు. డేల్ హాకిన్స్ పాట "సూజీ క్యూ"తోనే వీళ్ళకు మొదటి గుర్తింపు వచ్చింది. చూడని ఊరిని ప్రేమించడం తప్పు కాదు. ఎవరి దగ్గర నేర్చుకున్నామో మరిచిపోవడం తప్పు.

ఇక "ఫార్చునేట్ సన్" గురించి ఒక్క మాట. 1969లో వచ్చిన ఈ పాటలో, యుద్ధానికి పంపేది పేదవాళ్ళ కొడుకుల్ని, తప్పించుకునేది పెద్దింటి కొడుకులు అన్న కోపం ఉంది. ఆ కోపం నిజమైనది. 2000 తర్వాత కొద్దికాలానికే ఒక జీన్ ప్యాంట్ల ప్రకటనలో ఈ పాటను వాడారు. జెండా కనబడే మొదటి మాటలు మాత్రం ఉంచి, అసలు కోపమున్న మాటలు కోసేశారు. దేశభక్తి పాటలా వినబడింది. కట్టినవాడు అభ్యంతరం చెప్పాడు. ఏం లాభం? హక్కులు ఆయనవి కావు. తెచ్చిపెట్టుకున్న అర్థంతో తన పాట తన ఇంట్లోని టీవీలోనే మోగుతుంటే చూస్తూ కూర్చోవాల్సి వచ్చింది.

* * *

ఇప్పుడు తగాదా సంగతి.

డబ్బు వచ్చింది, దాంతో లెక్కలూ వచ్చాయి. సంపాదనలో పెద్ద భాగం బహామా దీవుల్లోని ఒక బ్యాంకులో దాచారు. 1977లో ఆ బ్యాంకు మూతపడింది, డబ్బు పోయింది. కంపెనీ ఒప్పందం మారలేదు. బృందం 1972లో చెదిరిపోయినా పాటలు ఇవ్వాల్సిన బాకీ జాన్ మెడకు అలాగే వేలాడింది. దాన్ని వదిలించుకోవడానికి చివరికి ఆయన, క్రీడెన్స్ రికార్డుల మీద గాయకుడిగా తనకు రావలసిన రాయల్టీ కూడా వదులుకున్నాడు. పండించిన పంట వదిలేసి, ప్రాణం దక్కితే చాలని గట్టెక్కినట్టు.

ఆ తర్వాత చాలా ఏళ్ళు ఆయన తన పాత పాటలు వేదిక మీద పాడలేదు. పాడిన ప్రతిసారీ డబ్బు కంపెనీకి చేరుతుందని మంట. 1976 నుంచి 1985 దాకా కొత్త ఆల్బమే లేదు. 1985లో "సెంటర్‌ఫీల్డ్" వచ్చింది. వాయిద్యాలన్నీ తానే వాయించుకున్నాడు. అది మొదటి స్థానానికి వెళ్ళింది. ఆ సంతోషం ఎంతోకాలం నిలవలేదు. అందులో "ది ఓల్డ్ మ్యాన్ డౌన్ ది రోడ్" అనే పాట ఉంది. అది "రన్ త్రూ ది జంగిల్"కు కాపీ అని ఫాంటసీ కంపెనీ దావా వేసింది. రెండు పాటలూ కట్టింది జాన్ ఫోగర్టీయే! తన పాటను తానే దొంగిలించాడని మనిషి మీద కేసు!

1988లో శాన్‌ఫ్రాన్సిస్కో కోర్టులో విచారణ జరిగింది. ఆయన గిటారు పట్టుకుని బోనులోకి వెళ్ళాడు. నేను పాట ఎలా కడతానో చూడండి, నా చెయ్యి ఇలాగే పడుతుంది, నా గొంతు ఇలాగే పలుకుతుంది, రెండు పాటలు కట్టినవాడు ఒకడే అయినప్పుడు పోలిక ఉండదా అని జ్యూరీ ముందు వాయించి చూపించాడు. జ్యూరీ ఆయన పక్షాన తీర్పు చెప్పింది. అంతటితో ఆగలేదు. తప్పు కేసు వేసి నన్ను ఇంత ఖర్చు పెట్టించినందుకు నా వకీలు ఫీజు వాళ్ళే కట్టాలన్నాడు. ఆ సంగతి అమెరికా సుప్రీంకోర్టు దాకా వెళ్ళింది. 1994లో ఆ కోర్టు, కాపీరైటు కేసులో గెలిచినవాడు కేసు వేసినవాడైనా, ఎదుర్కొన్నవాడైనా, ఫీజు విషయంలో ఇద్దర్నీ ఒకే కొలతతో చూడాలని తేల్చింది. ఆయనకు 13 లక్షల డాలర్లకు పైగా ఫీజు వచ్చింది. లా చదివే మిత్రులకు ఈ కేసు పాఠంలోనే తగిలి ఉంటుంది.

ఏమాటకామాటే చెప్పాలి. సాల్ జేంట్స్ సినిమాల్లో విలన్ లాంటివాడేమీ కాదు. తర్వాత సినిమాలు తీసి ఉత్తమ చిత్రానికి మూడుసార్లు ఆస్కారు తెచ్చుకున్న నిర్మాత. 1984 నాటి "అమేడియస్" ఆయనదే. మోజార్ట్ అనే సంగీతకారుడు పేదరికంలో చనిపోవడం గురించి అంత గొప్ప సినిమా తీసినవాడే, ఇంకో సంగీతకారుణ్ణి కోర్టు బోనెక్కించాడు. మనిషి చెడ్డవాడా మంచివాడా అన్నదానికంటే కాగితం ఎవరి చేతిలో ఉందన్నదే ఇలాంటి చోట్ల పనిచేస్తుంది.

* * *

ఇక్కడే నాకు మా నాన్న గుర్తొస్తాడు.

మాది కౌలు సేద్యం. 2023 డిసెంబరులో మిగ్‌జాం తుఫాను మా బాపట్ల దగ్గరే తీరం దాటింది. కోసి వేసిన వరి పనలు నీళ్ళలో తేలాయి. గింజ మొలకెత్తింది. తర్వాత పరిహారం వచ్చింది. పాసుపుస్తకంలో ఎవరి పేరుందో వాళ్ళ ఖాతాలో పడింది. దుక్కి దున్నిందీ, అప్పు తెచ్చిందీ, మోకాలి లోతు నీళ్ళలో పనలు ఏరిందీ మా నాన్న. ఆసామి హైదరాబాదులో ఉంటాడు. చెడ్డ మనిషేం కాదు. నాన్న ఫోను చేసి అడిగితే కొంత పంపాడు. అడిగితే, పంపాడు. ఆ అడగడంలో మా నాన్న ఎంత చిన్నబోయాడో పక్కనే కూర్చున్న నాకు తెలుసు.

సంక్రాంతికి ఇంటికెళ్ళినప్పుడు ఈ ఫోగర్టీ కథంతా నాన్నకు చెప్పాను. చుట్ట పక్కనపెట్టి విన్నాడు.

"సంతకం పెట్టేముందు చదువుకోలేదంట్రా ఆయన?" అన్నాడు.

"చదివినా అర్థమయ్యే వయసు కాదు నాన్నా."

కాసేపాగి, "ఆయనకి కాగితమన్నా ఉందిరా. మాది నోటిమాట కౌలు. నాకదీ లేదు" అన్నాడు.

ఇంతకంటే నేను చెప్పగలిగిన వ్యాఖ్యానం లేదు.

* * *

అయితే ఈ కథలో ఫోగర్టీని పూర్తిగా నెత్తిన పెట్టుకోవడానికి నాకు మనసొప్పదు. ఇది చెప్పకపోతే వ్యాసం ఏకపక్షం అవుతుంది.

బృందంలో పాటలు కట్టింది ఆయనే, పాడిందీ ఆయనే, ఎవరు ఎక్కడ ఎలా వాయించాలో చెప్పిందీ ఆయనే. మిగతా ముగ్గురు మాకూ ఒక నోరు కావాలన్నారు. పదేళ్ళపాటు పక్కన నిలబడి వాయించినవాళ్ళు. చోటిచ్చి పక్కకు జరిగిన సొంత అన్న. 1971 మొదట్లో టామ్ బృందం వదిలి వెళ్ళిపోయాడు. ఎండ కాస్తుండగానే వాన పడటం గురించిన "హావ్ యూ ఎవర్ సీన్ ది రెయిన్" పాట ఆ రోజులదే. పేరూ డబ్బూ అన్నీ ఉన్నా బృందం విరిగిపోతోందన్న బాధ అందులో ఉందని జానే చెప్పాడు. తర్వాత ముగ్గురూ సమానంగా పాటలు కట్టాలి, ఎవరివి వాళ్ళే పాడాలి అన్న పద్ధతిలో 1972లో "మార్డీ గ్రా" ఆల్బము తెచ్చారు. విమర్శకులు తూర్పారబట్టారు. సమానత్వం మీరడిగారు గనక ఇచ్చానని జాన్ అంటాడు. మెడ మీద కత్తి పెట్టి ఇచ్చాడని స్టూ కుక్ అంటాడు. ఇంతకాలం నీళ్ళు చూపించని చేలో ఒక్క పంటకు తూము తెరిచి, పండలేదు చూశారా అనడం న్యాయమేనా?

టామ్ చివరిదాకా కంపెనీ పక్షానే నిలిచాడు. 1990లో చనిపోయాడు. అన్నదమ్ముల మధ్య రాజీ కుదరనేలేదు. 1993లో ఈ బృందాన్ని రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేర్చిన రాత్రి, జాన్ ఇతర గాయకులతో కలిసి క్రీడెన్స్ పాటలు పాడాడు. స్టూ, డగ్‌లతో కలిసి వాయించనన్నాడు. ముప్ఫై ఏళ్ళ స్నేహితులిద్దర్నీ కాదని వాళ్ళ పాటలు వేరేవాళ్ళు వాయించారు. ఆసామి మీద కోపమున్నవాడు, తన చేలో పనిచేసేవాళ్ళతో ఎలా మాట్లాడుతున్నాడో కూడా చూసుకోవాలి. ఈ మాట నాన్నతో కూడా అన్నాను. ఆయన చాలాసేపు మాట్లాడలేదు.

అయినా మనిషి మారడని అనలేం. 1987లో ఒక చిన్న వేదిక దగ్గర బాబ్ డిలన్ ఆయనతో, నువ్వు పాడకపోతే "ప్రౌడ్ మేరీ"ని జనం టీనా టర్నర్ పాటనుకుంటారు సుమా అన్నాడట. ఆ ఏడాది జులై 4న వియత్నాం నుంచి తిరిగొచ్చిన సైనికుల కోసం జరిగిన కచేరీలో ఆయన తన పాత పాటలు మళ్ళీ ఎత్తుకున్నాడు. యుద్ధంలో ఆ పాటలు విని బతికినవాళ్ళు ఎదురుగా ఉంటే ఇంకా పంతమేమిటి? 1990లో మిసిసిపీ రాష్ట్రానికి వెళ్ళి, 1938లో ఇరవై ఏడేళ్ళకే చనిపోయిన నల్లజాతి బ్లూస్ గాయకుడు రాబర్ట్ జాన్సన్ సమాధి చూశాడు. ఈయన పాటల హక్కులు ఇప్పుడు ఏ వకీలు దగ్గర ఉన్నాయోనని మొదట అనుకున్నాడట. వెంటనే, ఎవరి దగ్గరుంటే ఏం, ఆ పాటలు రాబర్ట్ జాన్సన్‌వే కదా అని తోచిందట. అలాగైతే నావి నావే అనుకుని తిరిగొచ్చాడు. యౌవనంలో తాను కలలోనే చూసిన నది ఒడ్డున, ఆ పాటలు నేర్పిన నేల మీదే ఆయనకు జవాబు దొరికింది. నాకు ఈ కథలో అన్నిటికంటే నచ్చిన ఘట్టం ఇదే.

2004లో ఫాంటసీని కాంకర్డ్ అనే కంపెనీ కొన్నది. కొత్తవాళ్ళు ఆయన వదులుకున్న రాయల్టీ తిరిగి ఇచ్చారు. సాల్ జేంట్స్ 2014లో చనిపోయాడు. 2023 జనవరిలో, తాను కట్టిన క్రీడెన్స్ పాటల ప్రచురణ హక్కుల్లో అధికభాగం జాన్ చేతికి వచ్చింది. అప్పటికి ఆయనకు డెబ్బై ఏడేళ్ళు. ఆనాటి అసలు రికార్డింగులు మాత్రం కంపెనీవే. అందుకని 2025లో, ఎనభై ఏళ్ళు నిండాక, తన కొడుకులను పక్కన పెట్టుకుని ఆ పాటల్ని మళ్ళీ మొదటినుంచి పాడిన రికార్డు విడుదల చేశాడు. పట్టా కోసం యాభై ఏళ్ళు తిరిగినవాడు, అది చేతికొచ్చాక కూర్చోకుండా మళ్ళీ దుక్కి దున్నాడు.

* * *

మిత్రులారా, చెప్పొచ్చేదేమిటంటే, పని చేసినవాడి హక్కు ఒక్క సంతకంతో పూర్తిగా జారిపోకూడదు. కొంతభాగమైనా అమ్మడానికి వీల్లేనిదిగా చట్టమే కాపాడాలి. మన దేశంలో 2012లో కాపీరైటు చట్టాన్ని సవరించి, సినిమా పాట రాసినవాడూ బాణీ కట్టినవాడూ హాలు బయటి వాడకం మీద తమ వాటా రాయల్టీని వదులుకోలేని హక్కుగా చేశారు. వదులుకుంటానని సంతకం పెట్టినా చెల్లదు. మంచి చట్టం. పాటకు చెయ్యగలిగింది పంటకు ఎందుకు చెయ్యకూడదన్నది నా ప్రశ్న. అర్థశాస్త్రం చెప్పే మాస్టార్లు జవాబు చెబితే వినాలని ఉంది.

రెండో మాట మనకు. ఈ ఏడాది మనలో చాలామంది ఉద్యోగాల్లో చేరతారు. రెండేళ్ళ బాండనీ, మూడేళ్ళ బాండనీ కాగితాలు ముందు పెడతారు. ఆ కాగితం రాసినవాడు అనుభవమున్నవాడు, సంతకం పెట్టేవాడు ఇరవై రెండేళ్ళవాడు. సంతోషంలో ఉన్నప్పుడే కాగితం నిదానంగా చదవాలి. అర్థం కాకపోతే అర్థమయ్యేవాళ్ళ దగ్గరికి తీసుకెళ్ళాలి. ఇందులో సిగ్గుపడాల్సిందేమీ లేదు.

ఇక మొదట్లో నవ్విన మిత్రుడికి నా జవాబు. గిటారు నాకు రాదు. ఆ పాటల్లో ఇంగ్లీషు ఇప్పటికీ పూర్తిగా తెలియదు. పండించినవాడి చేతికి పంట దక్కకపోతే ఆ ఇల్లు ఎలా ఉంటుందో మాత్రం తెలుసు. ఈసారి హాస్టల్లో వాన రాత్రి ఆ పాట మోగితే, నా పక్కన కూర్చుని విను.